‘లా’ అవ్యయం కాదు

పిన్నమ్మ పనివేళల్లో ఫోన్ చేయదు. ఆ రోజు నేను దుబాయ్ అల్ నహ్దాలో బస్సు కోసం నిలబడి ఉంటే చేసింది. హలో అనే లోపే అందుకుంది.

“పాపా, మామా నన్ను కొడతాదని నేను యాడ చెప్పినానే?”

“ఎవరన్నారు పిన్నమ్మా అట్లని?”

“ఎవురో అనేదేంది! నా నోరే అంటాండాది. మామా కూతురు ఫోన్లో చూపిచ్చె. నా నోరు, నా పండ్లు, కింద ఇంగ్లీషు, దాని కింద అరబ్బీ. కొట్టు, తిట్టు, దాచు అని రాసిండారంట. మీ ఆఫీసు గోడ మింద ఆడతాండాదంట గదా! నువ్వు ఆడుండి ఏం జేస్తాండావు?”

“నేనింకా చూళ్ళేదు పిన్నమ్మా. ఇప్పుడే పోయి చూస్తా.”

“చూడు, బాగా చూడు. మామా పొద్దున చాయ్ తాగలా. నేనిచ్చిన కప్పు పక్కన పెట్టేసె. ‘నీ నోరే గదా షహర్బాను’ అనె. అంతే. ఆ ఇంట్లోంచి నన్ను పంపిస్తే పంపించనీ, పాపా. అబద్ధాలకోరని పంపిస్తే మాత్రం నేను తట్టుకోలేను.”

ఫోన్ పెట్టేసింది.

మామా అంటే పిన్నమ్మ పనిచేసే ఇంటి పెద్దావిడ, ఉమ్ సయీద్. ఈ దేశంలో ఇళ్ళల్లో పనిచేసే ఆడవాళ్ళు యజమానురాలిని అలాగే పిలుస్తారు. పిన్నమ్మ ఆ ఇంట్లో ఎప్పటినుంచో ఉంది. కరోనాలో ఊళ్ళో చాలామందిని పనిలోంచి తీసేసినప్పుడు కూడా మామా ఆమెను తీయలేదు. పిన్నమ్మకు జ్వరం వస్తే ఆ ముసలావిడే గది బయట కుర్చీ వేసుకుని కూర్చుని తలుపులోంచి మాట్లాడేదట. ఈ సంగతి పిన్నమ్మ మా బంధువులందరికీ చెప్పింది. ఒకసారి కాదు.

మాది రాయచోటి దగ్గర పల్లె. దూదేకులవాళ్ళం, ఇంట్లో తెలుగే మాట్లాడతాం. మా ఇంట్లో కాలేజీ గడప తొక్కినదాన్ని నేనే మొదట. అదీ ఎం.ఏ. తెలుగు. దుబాయ్‌లో తెలుగు చదువుకు ఏం పని దొరుకుతుందని నవ్వని వాళ్ళు లేరు. ఒక ఆర్ట్ సెంటర్‌లో దొరికింది. వచ్చినవాళ్ళకు దారి చూపడం, బొమ్మల పక్కన పేర్ల అట్టలు అంటించడం, పిల్లలు ముట్టుకోకుండా చూడడం. తెలుగుతో సంబంధం లేని పనే. వైదేహి మేడమ్ వచ్చేదాకా.

వైదేహి మేడమ్ పుట్టింది దుబాయ్‌లోనే. అమ్మానాన్నలది విజయవాడ. చిన్నప్పుడు కరామాలో ఉండేవారట, తర్వాత లండన్‌లో ఆర్ట్ చదివారు. ఇంట్లో తెలుగు మాట్లాడతారు గనుక రా, పో, తిను, పడుకో వరకు బాగానే వచ్చు. ఆమె ఒక వీడియో పని మొదలుపెట్టారు. పేరు ‘భాషాభాగాలు’. చీకటి గదిలో గుండ్రంగా అయిదు తెరలు. నామవాచకానికి ఒకటి, సర్వనామానికి ఒకటి, విశేషణానికి, క్రియకు, అవ్యయానికి ఒక్కొక్కటి. ఇక్కడి తెలుగువాళ్ళను మాట్లాడించి, నోళ్ళు మాత్రం వీడియో తీసి, వాళ్ళ మాటలను ముక్కలుగా కోసి ఏ భాగాన్ని ఆ తెర మీద చూపిస్తారు. ఒక తెర తర్వాత ఒకటి వెలుగుతుంటే వాక్యం గదిలో నడిచినట్టుంటుందని ఆమె ఆలోచన. అల్ వర్సాన్ గోడౌన్లలో పనిచేసేవాళ్ళను తీశారు, గుంటూరు వైపు నుంచి వచ్చిన నర్సులను తీశారు.

నాకు ఆ ఆలోచన నిజంగా నచ్చింది. ఆరో తరగతిలో బెత్తం దెబ్బలు తింటూ బట్టీ పట్టిన అయిదు పేర్లు దుబాయ్‌లో ఒక గోడ మీదికి ఎక్కుతున్నాయంటే ఎవరికి నచ్చదు? ఆ పేర్లు నా చేతే రాయించారు. నా చేతిరాతను పెద్దది చేసి తెరల పైన అచ్చు వేయించారు. ఫోటో తీసి మా నాన్నకు పంపాను.

పిన్నమ్మ ఇందులోకి వచ్చింది నాకు సంగటి, ఊరుబిండి పచ్చడి తెచ్చిన రోజున. ఆమెకు సెలవు, నాకు డ్యూటీ. నేను తింటూ ఉంటే పక్కన కూర్చుని గలగలా మాట్లాడుతోంది. వైదేహి మేడమ్ అటుగా వచ్చి ఆగారు.

“ఆంటీ, మీ వాయిస్ చాలా బాగుంది. కెమెరా ముందు ఓ రెండు మాటలు చెప్తారా?”

“ఏమ్మా, సినిమాకా?”

“సినిమా కాదు ఆంటీ, ఆర్ట్.”

“అయితే మొగానికి పౌడర్ పూసుకునొస్తా ఉండు.”

“అక్కర్లేదు ఆంటీ. నోరు ఒక్కటే తీస్తాం.”

“నోరొకటే చాలంటే నాకాడ దానికేం తక్కువ లేదులే,” అంది పిన్నమ్మ. అందరం నవ్వాం.

పనిచేసే ఇంటి గురించి చెప్పమన్నారు. పిన్నమ్మ కొంగు సర్దుకుని, ముక్కుసూటిగా చెప్పింది.

“మామా నన్ను ఒక్కనాడు కొట్టలా. తిట్టలా. నా పాసుపోర్టు దాచలా. తలుపుకు తాళమెయ్యలా. కడుపు మాడ్చలా.” తర్వాత ముందుకు వంగింది. “దీనికి ముందర చేసిన ఇంట్లో ఇయ్యన్నీ అయినాయమ్మా. ఆడ కొట్టినారు. ఇదో, ఈ చెయ్యి చూడు...”

“ఆంటీ, ఆంటీ, ఒక్క నిమిషం. ఇందాక చెప్పారే, అది మళ్ళీ చెప్పండి. చిన్న చిన్నగా. ఆ సౌండ్ చాలా బాగుంది.”

పిన్నమ్మ పైకి లాగిన జాకెట్టు చెయ్యి కిందికి దించుకుంది. మళ్ళీ మొదటినుంచి చెప్పింది.

మా వైపు ‘లేదు’ అన్నది క్రియ చివర ‘లా’ అవుతుంది. కొట్టలేదు అంటే కొట్టలా. రాలేదు అంటే రాలా. రాయచోటిలో మూడేళ్ళ పిల్లకు కూడా తెలిసిన సంగతి.

ప్రారంభం రోజు నా డ్యూటీ బయటి గేటు దగ్గర పడింది. కాబట్టి ఫోన్ వచ్చిన ఆ ఉదయమే మొదటిసారి లోపలికి వెళ్ళి తెరల మధ్య నిలబడ్డాను. నా చేతిరాత కిందే అంతా జరుగుతోంది. నామవాచకం తెర మీద పిన్నమ్మ నోరు తెరుచుకుంది: “మామా.” సర్వనామం తెర: “నన్ను.” క్రియ తెర: “కొట్ట.” కింద ఇంగ్లీషులో, అరబ్బీలో, కొట్టు అని. మళ్ళీ మామా. మళ్ళీ నన్ను. తిట్ట. పాసుపోర్టు, దాచ. తలుపు, తాళమెయ్య. కడుపు, మాడ్చ.

మరి ‘లా’లు ఏమయ్యాయి? అవ్యయం తెర మీద ఉన్నాయి. అన్నీ కోసి ఒక్కచోట కుప్ప పోశారు. లా, లా, లా, లా, లా. వెనక తబలా దరువు. దాని కింద మాత్రం ఏ భాషలోనూ ఏమీ రాయలేదు. స్కూలు పిల్లలు కొందరు ఆ తెర ముందు చేతులు పైకెత్తి డాన్స్ చేస్తున్నారు. వాళ్ళ టీచరు వీడియో తీస్తోంది.

 

వైదేహి మేడమ్ కేఫ్‌లో ఉన్నారు. ఎదురుగా వెళ్ళి నిలబడ్డాను.

“మేడమ్, మా పిన్నమ్మ మాటలు ఎవరు కోశారు?”

“నేనే. ఎడిటర్‌కి తెలుగు రాదు కదా. ఎందుకు, బాలేదా?”

“ఆమె కొట్టలేదు అని చెప్పింది. మీరు కొట్టింది అని చూపిస్తున్నారు.”

“కొట్టింది అని ఎక్కడుంది నాజ్నీన్? రూట్ మాత్రం ఉంది. కొట్ట, అంతే. ఆ చివర లా అనేది మీ యాస కదా? మావాళ్ళు ‘రాండి, పోండి’ అని సాగదీస్తారు చూడు, అలా అనుకున్నా.”

“యాస కాదు మేడమ్. ‘లేదు’ అది.”

ఒక్క క్షణం ఆమె ముఖం మారింది. ఆ క్షణంలో ఆమె లేచి ఉంటే, అయ్యో అని ఉంటే, నాకు ఇంత కోపం మిగిలేది కాదేమో. కాఫీ ఇంకో గుక్క తాగారు.

“ఓకే. అది నేను మిస్సయ్యాను. కానీ చూడు, ఇది సాక్ష్యం కాదు, ఆర్ట్. ఇందులో ఎవరు ఎవర్ని అన్నది ముఖ్యం కాదు. ముక్కలైన భాష ముఖ్యం.”

“మీకొక సంబంధం వచ్చిందనుకోండి. మీరు ‘చేసుకోను’ అన్నారు. చివరి ముక్క కోసేసి ‘చేసుకో’ అని మీ నాన్నకు వినిపిస్తే, ఆయన ముహూర్తం పెట్టేస్తే, అప్పుడు కూడా ముక్కలైన భాషే ముఖ్యమా?”

“నువ్వు చాలా ఎమోషనల్‌గా ఉన్నావు.”

“తెలుగులో కాదనే మాట బయట ఎక్కడో ఉండదు మేడమ్, క్రియ కడుపులోనే ఉంటుంది. అది కోస్తే మనిషి చెప్పింది తిరగబడుతుంది. ఇది ఎమోషన్ కాదు, వ్యాకరణం. మీరు పెట్టిన పేరే అది.”

మా మేనేజర్ తబ్రేజ్ గారు అరుపులు విని వచ్చారు. హైదరాబాదీ. నన్ను పనిలో పెట్టింది ఆయనే.

“అరె, ఏంది లొల్లి? నాజ్నీన్, గంత సీరియస్ ఎందుకు తీస్కుంటున్నవ్? కింద చిన్న నోట్ పెడ్దాం. ఖలాస్.”

“నోట్ ఎవరు చదువుతారు సార్? ఆ ఇంట్లో ఆమె ఇచ్చిన చాయ్ తాగడం లేదు.”

“సరే, కోయని రికార్డింగ్ ఇవ్వండి మేడమ్, మామాకు వినిపిస్తాను” అని అడిగాను. కెమెరా కార్డులు అప్పుడే తుడిచేశారట. మిగిలింది ముక్కలేనట. మీ ఆంటీ ఒప్పుకునే కదా మాట్లాడింది అన్నారు. అవును, ఒప్పుకుంది. నోటికి ఒప్పుకుంది, కోతకు ఒప్పుకోలేదు.

పిన్నమ్మకు ఫోన్ చేసి జరిగింది చెప్పాను. 

“ఆ పిల్ల తెలుగుదే గదా?” అంది.

“తెలుగామే.”

“తెలుగుదై ఉండి నా ‘లా’ను డాన్సుకు పెట్టిందా? పాపా, శుక్రవారం నేనొస్తా. మామాను కూడా పిల్చుకునొస్తా.”

“మామా వస్తుందా?”

“రాకపోతే కాళ్ళు పట్టుకుంటా. ఎవురు పట్టుకోవాల్సిన కాళ్ళు ఎవురు పట్టుకుంటాండారో చూడు.”

శుక్రవారం సాయంత్రం వచ్చారు. మామా కర్ర పట్టుకుని నెమ్మదిగా నడుస్తోంది. పిన్నమ్మ పక్కనే ఉంది గాని ఆమె చెయ్యి మామా పట్టుకోలేదు. కూతురి చెయ్యి పట్టుకుంది. పిన్నమ్మ ఖాళీ చెయ్యిని ఏం చేయాలో తెలియనట్టు అబాయాకు తుడుచుకుంటూ వచ్చింది. ఆ చెయ్యిని చూస్తే నాకు మళ్ళీ మండింది.

లోపల వైదేహి మేడమ్ పాతిక ముప్ఫై మందికి తన పని గురించి చెబుతున్నారు. పిన్నమ్మ వాళ్ళను దాటుకుని నేరుగా క్రియ తెర ముందుకు వెళ్ళింది. తెర మీద ఆమె నోరే తెరుచుకుంది.

“కొట్ట.”

“లా!” అని అరిచింది పిన్నమ్మ.

అందరూ తిరిగి చూశారు.

“తిట్ట.”

“లా!”

“దాచ.”

“లా! దాచలా! తాళమెయ్యలా! నా ‘లా’ యాడ పెట్టినావమ్మా? ఎవురినడిగి కోసినావు?”

మామా కర్ర ఆనించి నిలబడిపోయింది. తెర వైపు చూసింది, అరబ్బీ అక్షరాల వైపు చూసింది, పిన్నమ్మ వైపు చూసింది.

“లా?” అంది. “లా యానీ... లా?” మీ లా అంటే మా లా యేనా అని అడుగుతోంది.

అరబ్బీలో కూడా ‘లా’ అంటే కాదు, లేదు అనే. ఈ దేశంలో దిగిన రోజు నుంచి ఎవరైనా నేర్చుకునే మొదటి మాట అది. మా యాసలోనూ, ఆ భాషలోనూ అదే ముక్కకు అదే అర్థం ఉందని పిన్నమ్మకు ఎప్పటినుంచో తెలుసు. పుట్టిన దగ్గరినుంచి ఇక్కడ పెరిగి, రెండు భాషలూ చెవిన పడిన వైదేహి మేడమ్‌కు అది తబలా మీద పాటలా వినిపించింది.

“ఐవా మామా! ఐవా! అదే లా!” అంది పిన్నమ్మ, అవునవునని. మళ్ళీ తెర మీద కొట్ట అని రాగానే మామా ముఖంలోకే చూస్తూ, ఈసారి అరవకుండా, “లా” అంది.

ముసలావిడ కూతురి చెయ్యి వదిలేసి పిన్నమ్మ మణికట్టు పట్టుకుంది. తర్వాత కర్రతో నేలను ఒక్కటి కొట్టింది. “బన్నిద్! బన్నిద్ హాదా!” ఆపేయమని.

అప్పుడు చప్పట్లు మొదలయ్యాయి. వచ్చినవాళ్ళు ఇదంతా కార్యక్రమంలో భాగం అనుకున్నారు. ఎవరో ఫోన్ పైకెత్తి తీస్తున్నారు. వైదేహి మేడమ్ కళ్ళల్లో నీళ్ళు. పిన్నమ్మ దగ్గరికి వచ్చి రెండు చేతులూ చాపారు.

“ఆంటీ, సారీ. నిజంగా సారీ. కానీ మీరు ఇప్పుడు చేసింది... ఎంత గొప్పగా ఉందో! ప్రతి శుక్రవారం వచ్చి ఇలా చేస్తారా?”

పిన్నమ్మ ఆమెను కింది నుంచి పైదాకా చూసింది. “నీకు అమ్మ ఉండాదా?”

“ఉంది ఆంటీ.”

“ఆమె ఎట్ల వేగుతాండాదో నీతో.”

నేను తెరల వెనక ఉన్న స్విచ్చుల దగ్గరికి నడిచాను. తబ్రేజ్ సార్ “నాజ్నీన్, వద్దు” అన్నారు. అయిదూ ఆపేశాను. చీకట్లో చప్పట్లు ఇంకొంచెం గట్టిగా వినిపించాయి.

గేటు దాకా వాళ్ళను సాగనంపాను. మామా పిన్నమ్మ మణికట్టు వదల్లేదు. కూతురు వెనక ఆగి నాతో ఇంగ్లీషులో అంది: “మా అమ్మకు అర్థమైంది. నాకు అర్థమైంది. కానీ ఆ వీడియో మా అత్తల దగ్గరికి, వాళ్ళ స్నేహితుల దగ్గరికి వెళ్ళిపోయింది. వాళ్ళందరినీ ఒక్కొక్కరినీ ఇక్కడికి తీసుకురాలేం కదా.” ఆమె మాటల్లో నా మీద కోపం లేదు. అదే ఇంకా బాధగా ఉంది.

మర్నాడు తబ్రేజ్ సార్ నన్ను పిలిచారు. తిట్టలేదు. ఒక అట్ట చేతిలో పెట్టారు. పిన్నమ్మ ముక్కలన్నీ తీసేశారట, ఆమె నోరు ఉన్న చోటల్లా తెర నల్లగా ఉంటుందట. తెర పక్కన అంటించాల్సిన అట్ట మీద ఇంగ్లీషులో ఒకే వాక్యం ఉంది: మాట్లాడినవారి కోరికపై ఈ గొంతు తొలగించబడినది.

“నీ మాటనే నెగ్గింది గదా. ఇగ ఖుష్‌గుండు,” అన్నారు.

హాల్లో వైదేహి మేడమ్ నల్ల తెర ముందు నిలబడి ఉన్నారు. మెల్లగా, చర్చిలో మాట్లాడినట్టు అన్నారు: “ఈ ఖాళీ చూడు నాజ్నీన్. ముందుకన్నా ఇదే బలంగా ఉంది. ఎవరో ఒక మనిషి నోరు మూయించారని చూడగానే తెలిసిపోతుంది.”

“ఎవరు మూయించారని అనుకుంటారు?”

ఆమె మళ్ళీ తెర వైపు తిరిగారు.

“పనిమనిషి, యజమానురాలు. ఇంకెవరిని అనుకుంటారు? కొట్టిందని ముందు చూపించారు. ఇప్పుడు కొట్టి, పైగా భయపెట్టి తీయించిందని చూపిస్తున్నారు. ఆమె నోరు మూయించింది మీరు మేడమ్. ముందటి ఇంట్లో కొట్టారని చెయ్యి చూపిస్తుంటే ఆపారు. ఈ ఇంట్లో కొట్టలేదని చెబితే కోశారు. మీకు కావలసిన దెబ్బ మీరు తయారు చేసుకున్నారు. నిజంగా తగిలిన దెబ్బ చూడలేదు.”

“నీ డ్యూటీ నువ్వు చేయి,” అన్నారామె. మొదటిసారి ఆమె గొంతులో కూడా కోపం వినిపించింది. వెళ్ళిపోయారు.

నా డ్యూటీ అట్టలు అంటించడం. చేరిన నాటినుంచి ఒక్కటి కూడా వంకరగా అంటించలేదు నేను. ఆ అట్టను వెనక్కి తిప్పి కుర్చీ మీద పెట్టాను. కౌంటర్ నుంచి నల్ల మార్కర్ తెచ్చి, తెల్ల గోడ మీద, నల్ల తెర పక్కన, రాయడం మొదలుపెట్టాను. తెలుగులో రాశాను, కింద ఇంగ్లీషులో రాశాను. అరబ్బీ అక్షరాలు నాకు రావు. వచ్చి ఉంటే అవీ రాసేదాన్ని.

ఇంగ్లీషు సగంలో ఉండగా తబ్రేజ్ సార్ వచ్చారు.

“పాగల్ అయినవా? గోడ మీద రాస్తున్నవా? నీ వీసా మా మీద ఉన్నది, యాదుందా?”

“ఉంది సార్.”

“తుడువు. యల్లా, తుడువు.”

“మీరే తుడవండి.”

ఆయన గుడ్డ తడిపి తెచ్చారు. గోడ దగ్గరికి వచ్చి ఆగారు. స్కూల్లో చదివిన తెలుగు ఆయనది. ఒక్కో మాట కూడబలుక్కుంటూ పైకే చదివారు.

“షహర్బాను... చెప్పిన... మాట. మామా నన్ను... ఒక్కనాడు... కొట్టలా. కొట్టలేదు అని అర్థం. తిట్టలా. తిట్టలేదు. పాసుపోర్టు దాచలా...” చివరి దాకా వచ్చి ఆగిపోయారు. “ఈ కిందిదేంది? దీనికి ముందర చేసిన ఇంట్లో... కొట్టినారు?”

“అదీ ఆమె చెప్పిందే.”

“మంచి మాట మట్టుకు ఉంచు. గిది ఎందుకు? ఏ ఇల్లని అడుగుతరు, ఎవరని అడుగుతరు. లొల్లి అయితది.”

“అడగనీయండి సార్. ఆమెను ఇంతవరకు ఎవరూ అడగలేదు.”

ఆయన చేతిలో గుడ్డ నుంచి నీళ్ళు నేల మీద పడుతున్నాయి. బయట తలుపు తీసినట్టున్నారు, మాటలు వినిపించాయి. ఎవరో ఇద్దరు ఆడవాళ్ళు, నర్సుల యూనిఫాం మీదే వచ్చారు. తమ నోళ్ళు ఏ తెర మీద వస్తాయో చూసుకోవడానికి కాబోలు, తెలుగులో మాట్లాడుకుంటూ లోపలికి వస్తున్నారు.

తబ్రేజ్ సార్ గుడ్డ పైకెత్తలేదు, పక్కన పెట్టనూ లేదు. నేను మార్కర్ మూత మళ్ళీ తీసి, ‘కొట్టినారు’ కింద ఇంగ్లీషులో రాయాల్సిన మాట రాయసాగాను.